‘హక్కు’ అనే మాటకి ఎన్ని అర్థాలు? గీత 2.47 వీడియోకి నా సవరణ



పోయిన నెల మన ఛానల్‌లో గీత రెండో అధ్యాయం 47వ శ్లోకం మీద ఒక వీడియో పెట్టాను. కర్మ, ఫలం గురించి చెప్పే శ్లోకం అది, మీ అందరికీ తెలిసిందే. అందులో నేను ఇలా అన్నాను: “పని చేయడం మీదే నీకు హక్కు. ఫలం మీద నీకు హక్కు లేదు.” ఇది నేను కొత్తగా కనిపెట్టిన మాటేం కాదు. గోడ క్యాలెండర్ల మీద, బస్సు అద్దాల మీద, స్కూల్లో నీతివాక్యాల బోర్డుల మీద మనందరం చదువుకున్నదే. నేనూ ఆలోచించకుండా అదే అనేశాను.

ఆ ఒక్క మాట మా ఇంట్లోనే ఎంత పని చేసిందో చెప్తాను. తర్వాత ఆ మాట పుట్టుపూర్వోత్తరాలు చూద్దాం.

మా ఇంట్లో జరిగింది

మాది పటమట. తాతయ్య, అంటే అమ్మ వాళ్ల నాన్న, కంకిపాడు అవతల రెండెకరాల మాగాణి కొన్నారు. ఎవరో ఇచ్చిన ఆస్తి కాదు, ఆయన సంపాదనతో కొంచెం కొంచెంగా కొన్నది. ఆయనకి మావయ్యా, అమ్మా ఇద్దరే పిల్లలు. అమ్మమ్మ ముందే పోయింది. నిరుడు తాతయ్య కూడా పోయారు. వీలునామా ఏమీ రాయలేదు.

సంవత్సరీకాలు అయిన వారానికి మావయ్య స్టాంపు పేపర్ల మీద టైపు చేయించిన కాగితాలు తీసుకుని మా ఇంటికొచ్చాడు. హక్కు విడుదల దస్తావేజు. ఆ పొలంలో తనకున్న ‘సర్వ హక్కు భుక్తములను’ అమ్మ అన్నయ్యకి వదిలేస్తున్నట్టు అందులో ఉంది. అమ్మ కళ్లజోడు పెట్టుకుని మొదటి పేజీ రెండుసార్లు చదివింది. ఏమీ మాట్లాడలేదు.

అప్పుడు మావయ్య నా వైపు చూసి నవ్వుతూ, “ఆలోచిస్తావేంటమ్మా? మీ అబ్బాయే చెప్పాడుగా వీడియోలో, ఫలం మీద మనకి హక్కు లేదని. కృష్ణ పరమాత్ముడు చెప్పిన మాట” అన్నాడు.

మావయ్య చెడ్డవాడు కాదండి. తాతయ్యని పదేళ్లు తన దగ్గరే పెట్టుకున్నాడు. మంచంలో ఉన్న రెండేళ్లూ అత్తయ్యే అన్నీ చేసింది. సరదాకే అన్నాడో, నిజంగానే అన్నాడో నాకిప్పటికీ తెలియదు. కానీ ఆ మాటకి అమ్మ పెన్ను అందుకుంది. నా వీడియో చూసి మా అమ్మ తన వాటా వదులుకోబోతోంది! నాకు గుండె ఝల్లుమంది.

“అమ్మా, ఒక్క వారం ఆగు” అన్నాను. మావయ్య మొహం మాడిపోయింది. కాగితాలు మడిచి కవర్లో పెట్టుకుని, కాఫీ కూడా తాగకుండా వెళ్లిపోయాడు.

ఆ వారం రోజులూ నేను చేసిన పని ఒకటే. ‘హక్కు’ అన్న మాట పట్టుకుని తిరిగాను.

హక్కు మన మాట కాదు, కానీ మనదైపోయిన మాట

హక్కు అరబ్బీ మాట. మూలరూపం ‘హఖ్ఖ్’ లాగా గొంతు లోపల్నుంచి పలుకుతారు. పారసీలోకి, అక్కడ్నుంచి ఉర్దూలోకి వచ్చి ‘హక్’ అయింది. తెలుగు దానికి చివర ఒక ఉకారం తగిలించి హక్కు చేసుకుంది. కన్నడం వాళ్లదీ హక్కే. మరాఠీలో హక్క. తమిళులు మాత్రం ఉరిమై అంటారు. మలయాళంలో అవకాశం అంటారు! మనకి అవకాశం అంటే ఛాన్సు, వాళ్లకి హక్కు. ఒక మాట నేల మారితే అర్థం ఎలా మారుతుందో చూడండి.

ఇది మన దగ్గరికి ఎలా వచ్చింది? గోల్కొండ కుతుబ్‌షాహీల కాలంలో ప్రభుత్వ లెక్కలూ పత్రాలూ చాలావరకు పారసీలో నడిచేవి. మనకి పక్కనే ఉన్న కొండపల్లి అప్పట్లో ఒక సర్కారుకి కేంద్రం. చికాకోలు, రాజమండ్రి, ఏలూరు, కొండపల్లి, గుంటూరు... ఈ సర్కార్ల పేరుమీదే కోస్తాని ‘సర్కారు జిల్లాలు’ అన్నారు. భూమి కొలిచేవాడు, శిస్తు వసూలు చేసేవాడు, తగువు తీర్చేవాడు వాడిన మాటలే రైతు నోట్లోకీ వచ్చాయి. మీ ఇంట్లో ఏదైనా పొలం దస్తావేజు ఉంటే తీసి చూడండి. తారీఖు, జిల్లా, వసూలు, బాకీ, దాఖలు, రద్దు, నకలు, వకీలు: అన్నీ అరబ్బీ నుంచి వచ్చినవే. ‘వారసుడు’ కూడా. ‘వారసత్వం’లో ముందు సగం అరబ్బీ, చివర ‘త్వం’ సంస్కృతం. ‘హక్కు భుక్తములు’ కూడా అంతే. హక్కు అరబ్బీ, భుక్తం సంస్కృతం. ఇలాంటి మాటలు ఎన్ని కలిశాయంటే, సి.పి. బ్రౌన్ 1854లో తెలుగులో వాడే అన్యదేశ్యాల కోసమే విడిగా ఒక నిఘంటువు వేయాల్సివచ్చింది.

మరి హక్కు రాకముందు మనవాళ్లు ఏమనేవారు? ‘పాలు’ అనేవారు. పాలు అంటే వాటా. దాయాదుల్ని ‘పాలివాళ్లు’ అనడం ఇప్పటికీ మన పల్లెల్లో వినిపిస్తుంది. పంటలో వాటాకి పనిచేసే మనిషి పాలికాపు. శాస్త్ర గ్రంథాల్లో అయితే ‘స్వత్వం’, అంటే ‘నాది’ అనిపించుకునే స్థితి. ఈ స్వత్వం అన్న మాట గుర్తుపెట్టుకోండి, చివర్లో దీంతోనే పని ఉంది.

ఒక్క మాటలో ఇన్ని అర్థాలు

మా వీధి చివర రిటైరైన ఉర్దూ మాస్టారు ఉన్నారు. అరబ్బీ కూడా బాగా వచ్చు. సాయంత్రం వాళ్ల అరుగు మీద కూర్చుని అడిగాను. “మాస్టారూ, హక్ అంటే రైటేనా?”

ఆయన నవ్వారు. “బాబూ, మొదటి అర్థం రైటు కాదు. సత్యం.”

నేను నిజంగా ఆశ్చర్యపోయాను. అరబ్బీలో హక్ అంటే సత్యం, ఉన్నది, మారనిది. దానికి వ్యతిరేక పదం బాతిల్, అంటే నిలవనిది, చెల్లనిది. ఇస్లాంలో దేవుడికి ఉన్న పేర్లలో ‘అల్ హక్’ ఒకటి. మన విష్ణు సహస్రనామంలో ‘సత్యః’ అనే నామం ఉంది కదా, దాదాపు ఆ అర్థమే. మీరు హిందీ సినిమాల్లో వినే హకీకత్, తహకీకాత్ కూడా ఈ కుటుంబమే. హకీకత్ అంటే వాస్తవం, తహకీకాత్ అంటే వాస్తవం ఏమిటో తేల్చే విచారణ.

రెండో అర్థం న్యాయంగా రావాల్సింది. మనం తెలుగులోకి తెచ్చుకున్నది ఇదొక్కటే.

మూడోది విన్నాక నేను నోట్‌బుక్ తీశాను. అరబ్బీలో హక్ పక్కన ఏ చిన్న మాట చేరితే దాన్నిబట్టి అర్థం తిరగబడుతుంది. ‘నీ కోసం హక్’ అంటే నీకు రావాల్సింది. ‘నీ మీద హక్’ అంటే నువ్వు తీర్చాల్సింది. అంటే మనం హక్కు, బాధ్యత అని రెండు వేరు వేరు మాటలుగా వాడేవి అక్కడ ఒకే మాటకి రెండు వైపులు. సిరియా, లెబనాన్ వైపు వాడుక భాషలో ‘హక్ నీతో ఉంది’ అంటే నువ్వన్నదే నిజం అని. ‘హక్ నీ మీద ఉంది’ అంటే తప్పు నీదే అని! గల్ఫ్ దేశాల వాడుకలో దాన్నే ‘హగ్’ అని పలికి, ఇది ఫలానావాళ్లది అని చెప్పడానికి వాడతారు.

ఇంకొకటి కూడా చెప్పారు మాస్టారు. అరబ్బీకి చుట్టమైన హీబ్రూలో ఇలాంటిదే ‘హోఖ్’ అన్న మాట ఉంది. దానర్థం చట్టం. దాని ధాతువుకి ‘చెక్కడం’ అన్న అర్థం. రాతి మీద చెక్కిన మన శాసనాలు గుర్తొచ్చాయి నాకు.

సత్యం, న్యాయం, రావాల్సింది, తీర్చాల్సింది. ఇంత బరువున్న మాటని మనం ‘నాకు రావాల్సింది’ అనే ఒక్క అర్థానికి కుదించేసుకున్నాం. నిజానికి ఆ ఒక్క అర్థంతోనే ఈ మాట తెలుగునాట చాలా పని చేసింది. 1966లో ‘విశాఖ ఉక్కు – ఆంధ్రుల హక్కు’ అని రాష్ట్రమంతా కదిలింది. ఆ ఉద్యమంలో 32 మంది ప్రాణాలిచ్చారు. ఆ నినాదంలో హక్కు బదులు ఇంకో మాట పెట్టి చూడండి, నిలబడదు.

రాముడు కట్టిన బాకీ

ఈ ‘తీర్చాల్సింది’ అన్న అర్థం వినగానే నాకు భద్రాచలం కథ గుర్తొచ్చింది. కంచర్ల గోపన్న, మన రామదాసు, తానీషా కొలువులో పాల్వంచకి తహసీల్దారు. తహసీలు కూడా అరబ్బీయే. ఆయన సర్కారుకి చేరాల్సిన సొమ్ముతో రాముడికి గుడి కట్టించాడు. గోల్కొండ ఖైదులో పడ్డాడు. తర్వాత రామలక్ష్మణులు మారువేషాల్లో వచ్చి తానీషాకి ఆరు లక్షల వరహాలు చెల్లించారని మనం చిన్నప్పట్నుంచి వింటున్న కథ.

ఇందులో ఒక విషయం గమనించండి. రాముడు ‘ఆ డబ్బు నా గుడికే కదా పెట్టాడు, దేవుడి పని, బాకీ ఏమిటి’ అనలేదు. తానీషాకి రావాల్సింది వరహాలు లెక్కపెట్టి ఇచ్చి, రసీదు పుచ్చుకుని వెళ్లాడు. భక్తి పేరు చెప్పి ఎదుటివాడి హక్కు ఎగ్గొట్టడం రాముడికి కూడా కుదరలేదు. నా వీడియో మా ఇంట్లో సరిగ్గా ఆ ఎగ్గొట్టే పనికి సాయం చేయబోయింది.

గీతలో ఉన్నది హక్కు కాదు

ఇప్పుడు శ్లోకం దగ్గరికి వద్దాం. అక్కడ వ్యాసుడు వాడిన మాట ‘అధికారం’. తెలుగులో అధికారం అంటే మనకి పవర్. అధికార పార్టీ, అధికారి అంటాం. హిందీలో అధికార్ అంటే రైట్, మౌలిక్ అధికార్ అంటే ప్రాథమిక హక్కు. మనం ఆ అర్థమే తెచ్చి గీతకి తగిలించేశాం. శాస్త్రంలో దాని అర్థం వేరే. ఒక పనికి ఎవరు అర్హులు, ఎవరు పూనుకోవాలి అన్నది అధికారం. జైమిని మీమాంసా సూత్రాల్లో ఆరో అధ్యాయం మొత్తం దీని గురించే. యజ్ఞానికి స్త్రీ అర్హురాలా కాదా అన్న చర్చ కూడా అక్కడ ఉంది. ఐతిశాయనుడు కాదంటాడు. బాదరాయణుడి పేరు చెప్పి, అర్హురాలే అని సూత్రకారుడు తేలుస్తాడు.

శంకరాచార్యులు ఈ శ్లోకానికి చెప్పిన భాష్యం చూస్తే ఇంకా స్పష్టంగా ఉంటుంది. అర్జునా, ఇప్పుడు నీకు తగినది కర్మే, జ్ఞాననిష్ఠ కాదు. ఆ కర్మ చేసేటప్పుడు ఫలం కోసం దాహం పెట్టుకోవద్దు. ఆయన చెప్పిన తాత్పర్యం ఇది. ‘ఫలం నీది కాదు’ అని ఎక్కడా లేదు. ‘దాహం వద్దు’ అని ఉంది. ఈ రెండూ ఒకటి కావు. జీతం కోసం ఆరాటపడకుండా పని చెయ్యి అనడం వేరు, నీకు జీతం ఇవ్వను అనడం వేరు!

ఇంకా పెద్ద సాక్ష్యం మహాభారతంలోనే ఉంది. ఈ శ్లోకం చెప్పిన కృష్ణుడు, యుద్ధానికి ముందు హస్తినకి ఎందుకు వెళ్లాడు? పాండవుల భాగం అడగడానికి. అర్ధరాజ్యం కాకపోతే అయిదూళ్లైనా ఇవ్వమన్నారు. సూదిమొన మోపినంత నేల కూడా ఇవ్వనన్నాడు దుర్యోధనుడు. మన కృష్ణా జిల్లాలో తిరుపతి వెంకట కవుల పాండవోద్యోగ విజయాలు నాటకం చూడని పాత తరం ఉండదు, రాయబారం సీనుకి రాత్రంతా కూర్చునేవారు. ఆ సీను మొత్తం దేని గురించి? పాలు గురించి. వాటా గురించి. ‘ఫలం మీద హక్కు లేదు, అడవికి పొండి’ అని కృష్ణుడు పాండవులకి చెప్పలేదు. వాళ్ల తరఫున తానే వెళ్లి అడిగాడు.

అందుకే నా వీడియోలో మాటని ఇలా మారుస్తున్నాను: “చేయాల్సిన పనికి నువ్వు అర్హుడివి. చేసేటప్పుడు ఫలం కోసం దాహపడకు.” ఇంకో మాట. ఇది కృష్ణుడు ‘నీకు’ అని అర్జునుడికి చెప్పిన మాట. దీన్ని మనకి మనం చెప్పుకోవాలి. ఎదుటివాళ్ల చేత ఏదైనా వదిలించడానికి దీన్ని వాడకూడదు.

చట్టం ఏమంటుందో క్లుప్తంగా

మీలో చాలామంది ఇళ్లలో ఇలాంటి కాగితాలు వచ్చి ఉంటాయి, అందుకే రెండు ముక్కలు. తండ్రి స్వార్జితం అయితే, వీలునామా లేకుండా ఆయన పోతే, 1956 హిందూ వారసత్వ చట్టం ప్రకారం కొడుక్కీ కూతురికీ సమాన వాటా. పిత్రార్జితం సంగతికొస్తే, కూతుర్ని కొడుకుతో సమానంగా భాగస్తురాలిని చేసిన మొదటి రాష్ట్రం మనదే. ఎన్టీఆర్ ప్రభుత్వం 1986లో చేసిన సవరణ 1985 సెప్టెంబర్ 5 నుంచి అమల్లోకొచ్చింది. ఆనాటికి పెళ్లయిపోయిన ఆడపిల్లలకి అది వర్తించలేదు. 2005 సెప్టెంబర్ 9 నుంచి దేశమంతటా, పెళ్లితో సంబంధం లేకుండా, కూతురు పుట్టుకతోనే భాగస్తురాలైంది. ఆ తేదీకి తండ్రి బతికి ఉండాల్సిన పనిలేదని 2020 ఆగస్టు 11న సుప్రీంకోర్టు తేల్చింది. ఒక్కో ఇంటి కేసు ఒక్కోలా ఉంటుంది కాబట్టి, సంతకానికి ముందు మీ వకీలుకి చూపించండి.

నాది కానిదాన్ని ఎలా ఇస్తాను?

వారం తర్వాత ఇదంతా అమ్మకి చెప్పాను. అరబ్బీ, మీమాంస, భాష్యం అన్నీ. అమ్మ చిక్కుడుకాయలు ఈనెలు తీస్తూ విన్నది. చివర్లో ఒకటే అడిగింది.

“అయితే నేను అన్నయ్యకి ఇవ్వకూడదా?”

ఇక్కడే ఆ స్వత్వం పనికొచ్చింది. మన శాస్త్రంలో దానానికి ఒక నిర్వచనం ఉంది. తన స్వత్వాన్ని వదులుకుని, ఎదుటివాళ్లకి స్వత్వం కలిగించడం దానం. అంటే ముందు అది నాది అయి ఉండాలి. హోమంలో ఆహుతి వేస్తూ ‘న మమ’ అంటాం, ఇది నాది కాదు అని. ఆ నెయ్యి నిజంగా నాదైతేనే ఆ మాటకి అర్థం. పక్కింటి నెయ్యి పోసి న మమ అంటే అది త్యాగం కాదు కదా! ‘నీకు హక్కు లేదు’ అని ఒప్పించి తీసుకున్నదాన్ని ఎవరూ ఇచ్చినట్టు కాదు. అది జారిపోయినట్టు.

అమ్మ ఆ రాత్రే మావయ్యకి ఫోన్ చేసింది. నేను పక్కనే ఉన్నాను.

“అన్నయ్యా, నాన్నని పదేళ్లు చూసింది నువ్వూ వదినా. నేను చూడలేదు. ఆ రుణం నా మీద ఉంది, కాదనను. కానీ ముందు నా సగం నాదని రాయి. అందులోంచి వదినకి ఏం ఇవ్వాలో నేనిస్తా. నా చేత్తో ఇస్తా.”

అవతల చాలాసేపు మాట లేదు. తర్వాత, “సరే, పడుకో” అని పెట్టేశాడు.

అరబ్బీ ఒక్క ముక్క రాని మా అమ్మ, హక్కుకి రెండు వైపులూ ఆ నాలుగు మాటల్లో చెప్పేసింది. తనకి రావాల్సిందీ, తను తీర్చాల్సిందీ.

ఆ తర్వాత నెలరోజులు మావయ్య దగ్గర్నుంచి ఫోన్ లేదు. అమ్మ పైకి ఏమీ అనలేదు గానీ ఫోన్ మోగినప్పుడల్లా చూసేది. మొన్న ఆదివారం చేశాడు. ఆధార్ కాపీ పంపమన్నాడు. “దేనికి?” అంది అమ్మ. “పంపకాల కాగితానికి” అన్నాడు. అంతవరకే జరిగింది. వాళ్లిద్దరి మధ్య మునుపటి చనువు ఎప్పటికి వస్తుందో తెలియదు. దానికి కారణంలో కొంత నా నోటి తొందర కూడా ఉంది. అందుకే పాత వీడియో తీసేసి, సరిచేసిన వీడియో ఈ వారం పెడుతున్నాను.

ఈ వారం సాధన

ఈ వారం మీరు ‘నా హక్కు’ అన్న ప్రతిసారీ పక్కన రెండు ప్రశ్నలు వేసుకోండి. ఒకటి, ఇది నిజమేనా? రెండు, దీనికి సంబంధించి నా మీద ఎవరి హక్కు ఉంది? ఇంట్లో, ఆఫీసులో, ఫ్లాట్‌లో పనికొచ్చే మనిషి జీతం విషయంలో కూడా. అలాగే ఎవరైనా గీత పేరు చెప్పి మిమ్మల్ని ఏదైనా వదులుకోమంటే, ముందు అది మీదేనని ఒప్పుకోమనండి. ఆ తర్వాత ఇవ్వాలో వద్దో మీ ఇష్టం. ఇస్తే మాత్రం మనస్ఫూర్తిగా ఇవ్వండి, వెనక్కి తిరిగి చూడకుండా. కృష్ణుడు చెప్పిన ఫలత్యాగం అక్కడ మొదలవుతుంది.

వచ్చే వారం ‘అధికారం’ మీద ఇంకొంచెం లోతుగా మాట్లాడుకుందాం.

జై శ్రీకృష్ణ. శుభం.